మేరియన్ ఆండర్సన్ గానమును మనమెట్లు వినవలెను?



అమెరికా దేశపు గాయకురాలు మేరియన్ ఆండర్సన్ కథను మీరు ఎప్పుడైనను ఒక ప్రసంగములో వినియుండవచ్చును. ఆ కథను మనము సాధారణముగా ఇట్లు చెప్పుదుము: ఆమె బీద నల్లజాతి పిల్ల, దేవాలయములో పాడెను, తెల్లవారు తలుపులు మూసిరి, ఆమె ఓర్చుకొనెను, దేవుడు ఆమెను హెచ్చించెను, కాబట్టి మీరును ఓర్చుకొనుడి. నంద్యాల చుట్టుపట్ల కూటములలో నేనును ఈ కథను ఇట్లే చెప్పితిని. అయితే ఆమె పాటలను మరల మరల విన్న తరువాత, నేను చెప్పినది సగము మాత్రమేనని తెలిసికొంటిని. మిగిలిన సగమును మీ యెదుట ఉంచుటకే ఈ నాలుగు మాటలు వ్రాయుచున్నాను.

ఆమె 1897 ఫిబ్రవరి 27న ఫిలడెల్ఫియా పట్టణములో పుట్టెను. తండ్రి మంచుగడ్డలు, బొగ్గు అమ్మి సంసారము నడిపెడివాడు. ఆమె చిన్నతనములోనే ఆయన మరణించెను. తల్లి ఒకప్పుడు పంతులమ్మ. పిమ్మట ఇతరుల బట్టలు ఉతికి, అంగడి నేలలు తుడిచి ముగ్గురు ఆడుబిడ్డలను సాకెను. యూనియన్ బాప్టిస్టు సంఘపు పిల్లల గాయక బృందములో మేరియన్ ఆరేండ్లకే చేరెను. తన వంతు మాత్రమే గాక అందరి వంతులను నేర్చుకొనెను. ఆ దినమున ఎవరు రాకపోయినను వారి స్థానములో నిలిచి పాడగలిగెడిది. మన పల్లె సంఘములలో హార్మోనియము వాయించువాడు రాకపోయిన దినమున ఏమగునో యెరిగినవారికి, ఆ పిల్ల విలువ వేరుగా చెప్పనక్కరలేదు.

సంగీత పాఠశాలలో చేరుటకు వెళ్లినప్పుడు, నల్లవారిని చేర్చుకొనమని చెప్పి ఆమెను పంపివేసిరి. అప్పుడు ఆమె సంఘస్థులు, తామే బీదలై యుండియు, చందాలెత్తి ఆమె చదువునకు ద్రవ్యము కూర్చిరి. డబ్బు లేమిచేత ఆగి ఆగి సాగిన చదువు గనుక, ఉన్నత పాఠశాల ముగించునప్పటికి ఆమెకు 24 ఏండ్లు. 1924లో న్యూయార్కులో పాడి పరాభవము పొందెను. ఆమె జర్మను ఉచ్చారణ బాగుండలేదని పత్రికలు వ్రాసినవి. కొంతకాలము పాడుటయే మానెను. పిమ్మట ఐరోపా వెళ్లి, ఆ భాషలను కూర్చుండి నేర్చుకొనెను. ఇది మొదట గమనింపదగిన సంగతి. ఆమె గొంతు వరమే గాని, ఆమె పాట వరము మాత్రమే కాదు. అది సంఘస్థుల కానుకలతోను, తన కష్టముతోను కట్టబడినది.

ఇక ఆ గానము ఎట్టిది? స్త్రీల గొంతులలో మిక్కిలి లోతైన దానిని పాశ్చాత్యులు కాంట్రాల్టో అందురు. మన దేవాలయములలో స్త్రీలు హెచ్చు శ్రుతిలో పాడుటకు అలవాటు పడియున్నారు. ఎంత పైకి ఎత్తిన అంత భక్తియని కొందరి తలంపు. మేరియన్ దీనికి విరుద్ధము. ఆమె మంద్రస్థాయిలో దిగునప్పుడు, మోటబావి అడుగున నీటి చప్పుడు విన్నట్లుండును. పాడునప్పుడు చేతులాడించదు, తరచుగా కన్నులు మూసికొని, చేతులు కట్టుకొని నిలుచును. బలమంతయు మాటలోను, ఊపిరిలోను ఉంచును.

1935లో ఆస్ట్రియా దేశపు సాల్జుబర్గులో ఆమె పాడిన సంగతిని విన్నవారు వ్రాసియుంచిరి. క్రీస్తు సిలువను గూర్చిన నల్లవారి కీర్తన యొకటి ఆమె చివర పాడగా, ఒక్కరును చప్పట్లు కొట్టలేదట. అందరు నిశ్శబ్దముగా కూర్చుండిరట. ఆ ఊరిలోనే టోస్కనీని అను గొప్ప సంగీత నాయకుడు, ఇట్టి గొంతు నూరేండ్లకొకమారు వినబడునని పలికెను. ఆయన పొగడ్తకంటె ఆ నిశ్శబ్దమే నాకు గొప్ప సాక్ష్యముగా తోచుచున్నది. మన కూటములలో ఒక కీర్తన ముగియకముందే తబలా మరియొకదాని నందుకొనును. పాట లోపలికి దిగుటకు తావేది?

ఆమె సర్వమును బాగుగా పాడెనని నేను చెప్పను. ఆపెరా అనునది మన పద్యనాటకము వంటిది. అయితే అందులో మాటలన్నియు దాదాపు పాటలే, వెనుక పెద్ద వాద్యబృందముండును, గాయకులు మైకు లేకయే శాల నిండునట్లు పాడవలెను. న్యూయార్కులోని మెట్రోపాలిటన్ ఆపెరా 1883లో తెరువబడినది. అక్కడ ఏ నల్లజాతి గాయకునికిని ప్రధాన పాత్ర ఇయ్యకయే 71 ఏండ్లు గడచినవి. చివరకు 1955 జనవరి 7న మేరియన్ ఆండర్సన్ వెర్డి రచించిన నాటకములో ఉల్రికా అను సోదె చెప్పు స్త్రీగా రంగము మీదికి వచ్చెను. అప్పటికి ఆమె వయస్సు 57. ఆమె నోరు తెరువక మునుపే జనులు ఆగక చప్పట్లు కొట్టిరి. ఆమె వణకెనని, బిగుసుకొని పోయెనని తానే తరువాత చెప్పెను.

ఇక్కడనే మన కథ సగములో ఆగిపోవుచున్నది. "చూచితిరా, ఓర్పునకు ఫలము!" అని మనము సంతోషించుదుము. కాని ఆలోచించుడి. 30 ఏండ్ల ప్రాయమున ఆ గొంతు పూర్ణ బలముతో నున్నప్పుడు ఆ రంగము మీద వినబడవలసినది ఎవరు విన్నారు? ఎవరును వినలేదు. పోయిన దానిని ఆ చప్పట్లు తిరిగి తేలేదు. ఓర్పు ఆమె సద్గుణమే; అయితే ఆమె ఓర్చుకొనెను గనుక తలుపు మూసినవారి పాపము తగ్గలేదు. విత్తనము కాలమున పడక, వాన వెలిసిన తరువాత పడినయెడల పంట ఎట్లుండునో మన నల్లరేగడి రైతునకు తెలియును. అయినను ఆ వచ్చుట వ్యర్థము కాలేదు. ఇరువది దినములకే రాబర్ట్ మెక్‌ఫెరిన్ అను నల్లజాతి గాయకుడు అదే రంగమెక్కెను. 1961లో లియొంటీన్ ప్రైస్ పూర్ణ యౌవన బలముతో అక్కడ పాడెను. ఆలస్యపు నష్టము మేరియన్ భరించెను, తెరచిన దారిన ఇతరులు నడచిరి.

ఆమె ఊరకే ఓర్చుకొనెననుటయు సరికాదు. 1939లో వాషింగ్టనులోని కాన్‌స్టిట్యూషన్ హాలులో పాడుటకు, దాని యజమానులైన స్త్రీల సమాజమువారు ఆమెకు సెలవియ్యలేదు. అధ్యక్షుని భార్య ఎలియనోర్ రూజ్వెల్టు ఆ సమాజములోని తన సభ్యత్వమును వదలుకొనెను. ఏప్రిల్ 9, ఈస్టరు ఆదివారమున, లింకన్ స్మారక మందిరపు మెట్ల మీద, 75,000 మంది యెదుట మేరియన్ పాడెను. మొదట పాడిన దేశభక్తి గీతములో "నేను" అనవలసినచోట బహువచనము పలికెనని విన్నవారు చెప్పుదురు. ఇంగ్లీషులో ఆ మాట ఒక్కటే. తెలుగులో రెండున్నవి: "మేము" అనిన ఎదుటివాడు వెలుపల నుండును, "మనము" అనిన లోపల నుండును. తలుపు మూసినవారిని కూడ చేర్చుకొని ఆమె "మనము" అనెనని నా నమ్మకము. ఎందుకనగా 1943లో అదే హాలులో, నల్లవారు తెల్లవారు కలిసి కూర్చుండగా, ఆమె వెళ్లి పాడెను. అయినను ఆ ప్రేమ మెత్తదనము కాదు. మొదట తన సభలలో ప్రతి భాగములోను నల్లవారికి కుర్చీలుండవలెనని పట్టుబట్టెను. తరువాత జనులను వేరుచేసి కూర్చుండబెట్టు సభలలో పాడనే పాడనని చెప్పివేసెను.

1957లో ఆమె ఆసియా దేశములలో సంచరించుచు మన దేశమునకు వచ్చెను. ఢిల్లీలో గాంధీజీ స్మారకము వద్ద, న్యూమన్ 1833లో వ్రాసినదియు, గాంధీజీకి ప్రియమైనదియునైన వెలుగును గూర్చిన కీర్తనను పాడెను. ఆ యేడే అమెరికాలోని లిటిల్ రాక్ పట్టణమున నల్లపిల్లలను బడిలోనికి రానియ్యక అల్లరి జరిగినది. ఆమె వెళ్లిన చోట్ల దానిని గూర్చి అడిగినవారుండిరి. తన దేశమును ప్రేమించుచు, దాని తప్పును దాచక, ఆమె పరుల దేశములో నిలువవలసి వచ్చెను. 1963లో వాషింగ్టనులో నల్లవారి హక్కులకై జరిగిన మహాసభలోను పాడెను. 1965లో గానసభలను చాలించి, 1993 ఏప్రిల్ 8న కన్నుమూసెను.

ప్రియులారా, ఆమె ప్రయాణములో మన నంద్యాల, ఆళ్లగడ్డలు లేవు. అయినను ఇప్పుడు చేతిలోని ఫోనులోనే ఆమె గొంతు మన వరండాలోనికి వచ్చుచున్నది. వినునప్పుడు మనము ఎవరి పక్షమున కూర్చుండి వినుచున్నాము? ఆమె కథ వినగానే మనము ఆమె ప్రక్కన నిలిచినట్లు తలంచుకొందుము. మనలను ఊరి బావి యొద్దకు, ఊరి వీధిలోనికి రానియ్యని దినములను పెద్దలు మనకు చెప్పియున్నారు గనుక అట్లు తలంచుట సహజమే. అయితే ఒక క్రిస్మసు రాత్రి, ఆళ్లగడ్డ మార్గమందలి ఒక పల్లెలో నేను చూచినది చెప్పవలెను; ఆ ఊరి పేరు చెప్పను. దేవాలయములో రెండు పేటలవారు రెండు ప్రక్కల కూర్చుండిరి. ఒక పేటవారు పల్లవి ఎత్తగా, రెండవ పేటవారు నోరు కదపలేదు. వారి వంతు వచ్చినప్పుడు వీరు మౌనము వహించిరి. ఇరువురి కీర్తనల పుస్తకము ఒక్కటే; నమ్మిన ప్రభువు ఒక్కడే. నేను వేదిక మీద నుండియు మాటాడలేదు. సాల్జుబర్గులోని నిశ్శబ్దము ఒకటి, ఆ రాత్రి నిశ్శబ్దము మరియొకటి.

కూటములో ఒకనికి మంచి చోటును, మరియొకనికి పాదపీఠము యొద్ద చోటును చూపువారిని గూర్చి యాకోబు తన పత్రిక రెండవ అధ్యాయములో వ్రాసినది మీరెరుగుదురు. దానిని ఒకమారు చదివి, పిమ్మట మేరియన్ పాట వినుడి. రాబోవు ఆదివారమున ఎదుటి పేటవారు పల్లవి ఎత్తినప్పుడు మీరు అందుకొనుడి. శ్రుతి కుదరకపోయినను ఫరవాలేదు. నేనును ఆ పల్లెకు మరల వెళ్లుదును. ఈసారి ఓర్పును గూర్చి గాక, "మనము" అను మాటను గూర్చి చెప్పుదును.