కోలారు కూలీ లైన్లు: ఒక చరిత్రగ్రంథముపై పరిశీలన

కోలారు బంగారుగనులనుగూర్చి వ్రాసినవారిలో అనేకులు గని లోతును, బంగారపు తూనికను, దొరల బంగళాలను వర్ణించిరి. గనిలోనికి దిగిన మనిషి పని ముగిసిన పిదప ఎక్కడ తలదాచుకొనెనని అడిగినవారు అరుదు. ఆచార్య జానకీ నాయర్ గారి ‘మైనర్స్ అండ్ మిల్‌హ్యాండ్స్’ (1998) అను ఆంగ్లగ్రంథమునకు విశేషగౌరవము ఈ ప్రశ్నవలననే కలిగినది. మైసూరు సంస్థానములోని గనికూలీలును, బెంగుళూరు బట్టలమిల్లు కార్మికులును ఎట్లు బ్రదికి, ఎట్లు సంఘటితులైరో అందలి విషయము.

1880 ప్రాంతమున జాన్ టేలర్ సంస్థ ప్రవేశించిన పిమ్మట ఉత్తరార్కాటు పల్లెలనుండి వేలకొలది జనము ఈ గనులకు వలస వచ్చినది. వారిలో తమిళ ఆదిద్రావిడులు అధికులు, తెలుగువారును కలరు. 1902లో శివసముద్రమునుండి గనులకు విద్యుత్తు వచ్చినది. కూలీల నివాసములు మాత్రము చిరకాలము వెదురు తడికల గుడిసెలుగనే నిలిచినవి. నేల కంపెనీది, గుడిసె కంపెనీది, కావలివాడును కంపెనీవాడే. పని పోయిన ఇల్లును పోవును. ఇట్టిచోట ఇల్లు కూలిలో ఒక భాగము. దానితోపాటు కూలివానిని కట్టివేయు త్రాడు.

అయినను ఆ త్రాడే వారిని ఒకరితో నొకరిని ముడివేసినది. ఒకే లైనులో బంధువులు, ఒక ఊరివారు, ఒక కులమువారు చేరిరి. బౌద్ధమును ఆత్మగౌరవమును బోధించిన సభలు అచటనే జరిగినవి. వర్గచైతన్యము పనిచోట మాత్రమే పుట్టునను వాదమును ఈ చరిత్ర సవరించుచున్నది. 1930లో కంపెనీ కార్మికుల వ్రేలిముద్రలను తీయబూనగా, తమ్ము నేరస్థులుగా ఎంచుచున్నారని వారు 21 దినములు పని మానిరి. అప్పటికి వారికి స్థిరమైన సంఘమే లేదు. కమ్యూనిస్టు నాయకత్వమున సంఘము బలపడినది తరువాతి దశకములోనే. సామ్యవాదచరిత్రను నాయకుల జీవితచరిత్రలుగా వ్రాయువారు గమనింపదగిన క్రమ మిది: విత్తనము వెలుపలినుండి వచ్చినను, నేలను అంతకుముందే లైన్లలోని జనము దున్నియుంచిరి.

గ్రంథమున లోపమని చెప్పదగిన దొకటి కలదు. దృష్టి యంతయు గనుల ఆవరణముపై నిలుచుటచే చుట్టునున్న కోలారు మండలము వెనుకబడినది. ముళబాగిలు, శ్రీనివాసపురము, బంగారుపేట ప్రాంతముల తెలుగు రైతుకుటుంబములకును గనులకును గల సంబంధమెట్టిదో తెలిసికొనగోరు పాఠకునికి తృప్తి కలుగదు. కార్యాలయపు కాగితములలో తెలుగు కూలి ఒక అంకె; వాని మాట వాని ఇంటివారి నోటనే యున్నది.

ఈ విమర్శ ఆమెకంటె మనకే ఎక్కువగా వర్తించును. 2001 ఫిబ్రవరి 28న గనులు మూతపడినవి. పని పోయిన ఇల్లును పోవునను పాత నియమము ఆ దినమున మరల తలయెత్తినది. తరతరములుగా కాపురమున్న గదులపై హక్కెవరిదను వివాదము నడుమ, అనేకులు తెల్లవారకముందే రైలెక్కి బెంగుళూరు పనులకు పోయి రాత్రికి ఆ గదులకే తిరిగివచ్చుచు కాలము గడపిరి. గనిలో దిగిన వృద్ధులు నానాటికి తరుగుచున్నారు. వారి తెలుగు మాటలలోని లైన్ల చరిత్రను ఇప్పుడే వ్రాసికొననిచో, నాయర్ గారి గ్రంథమునకు చేర్పవలసిన అధ్యాయము ఎన్నటికిని తెల్లకాగితముగనే మిగులును.