పేకముక్కల పోలిక సరిపోదు

ఫ్లూ వైరస్ మీద పాపులర్ సైన్స్ రచనల్లో తరచూ కనిపించే పోలిక పేకముక్కలు. ఇన్‌ఫ్లుయెంజా ‘ఎ’ జీనోమ్ ఎనిమిది విడి ఆర్‌ఎన్‌ఏ ముక్కలు. రెండు రకాల వైరస్‌లు ఒకే కణంలో దూరితే ఆ ముక్కలు కలగలిసి కొత్త వైరస్ పుట్టొచ్చు, రెండు పేకల్ని కలిపి పంచినట్టు. పోలిక ఇట్టే అర్థమవుతుంది. చిక్కల్లా అక్కడే.

పేకలో ఏ ముక్కకీ పక్కముక్కతో పని లేదు. ఇక్కడలా కుదరదు. వైరస్ జీనోమ్‌ని కాపీ చేసే యంత్రం మూడు ముక్కల నుంచి తయారైన ప్రొటీన్ల పొత్తు. అవి ఒకదానికొకటి అమరకపోతే కథ అక్కడితో సరి. వేరే ప్రాజెక్టులోంచి మాడ్యూల్ పట్టుకొచ్చి పెట్టేస్తే కోడ్ నడుస్తుందా? అందుకే చాలా కలయికలు నిలదొక్కుకోలేవు.

1957 మహమ్మారి వైరస్‌లోకి పక్షుల ఫ్లూ నుంచి మూడు ముక్కలొచ్చాయి, 1968లో రెండు. రెండుసార్లూ పైన ఉండే హీమాగ్లుటినిన్‌తో పాటు లోపలి యంత్రంలోని పీబీ1 ముక్క కూడా వచ్చింది. మిగతావి అప్పటికే మనుషుల్లో తిరుగుతున్నవే. ఆ ‘కూడా’ గురించి అడగాలని పేకాట పోలికకి తోచదు.

మహమ్మారిని జూదంలా చదివితే మనకి మిగిలేది భయం, లేదంటే తలరాత. ఏ ముక్క దేనితో కుదురుతుందని అడిగితే మాత్రం, పందుల్లో, కోళ్లలో తిరిగే వైరస్‌లలో దేనికోసం వెతకాలో తెలుస్తుంది. మంచి సైన్స్ రచన పాఠకుణ్ణి ఆ ప్రశ్న దాకా తీసుకెళ్లాలి.