కొలంబో వాళ్లావిడ

అనుమానించడం డిటెక్టివ్ వృత్తి. కాపురంలో అదే అనుమానం మొదలైతే కొంప మునుగుతుంది. మరి డిటెక్టివ్ పెళ్లి చేసుకుంటే? టీవీ డిటెక్టివ్ సీరియళ్లని నేను ఎక్కువగా ఈ ప్రశ్నతోనే చూస్తుంటాను. హంతకుడెవరో ఎలాగూ చివర్లో తెలుస్తుంది కదా.

1968లో మొదలై 2003 దాకా వచ్చిన ‘కొలంబో’నే తీసుకోండి. పీటర్ ఫాక్ మాటిమాటికీ ‘మా ఆవిడ’ అంటుంటాడు. మా ఆవిడ మీ అభిమాని అంటాడు, హంతకుడు కాస్త మెత్తబడతాడు. ఇంతా చేసి ఆవిడ ఒక్కసారి కూడా తెరమీదకి రాదు. కనబడే దంపతుల సంగతి వేరు. మొట్టమొదటి టెలిఫిల్మ్‌లోనే ఒక సైకియాట్రిస్టు ప్రియురాలి సాయంతో పెళ్లాన్ని చంపుతాడు. చల్లగా సాగే కాపురాన్ని మాత్రం మనం వినడమే. 1979లో కేట్ మల్‌గ్రూతో ‘మిసెస్ కొలంబో’ అని విడిగా ఓ సీరియల్ తీశారు. అది నిలబడలేదు. ఆవిడకి విడాకులిప్పించి, ఇంటిపేరు మార్చి, సీరియల్ పేరూ మార్చి, 1980లో ఆపేశారు.

మన దూరదర్శన్‌లో 1993లో బాసు చటర్జీ తీసిన ‘బ్యోమ్‌కేశ్ బక్షీ’ దారి వేరు. శరదిందు బంద్యోపాధ్యాయ కథల్లోని ఈ సత్యాన్వేషికి సత్యవతి పరిచయమయ్యేది ఒక హత్య జరిగిన ఇంట్లో. అన్నని పోలీసులు పట్టుకుంటే, కాపాడమని ఆమె ఇతన్ని అడుగుతుంది. ఇంట్లో అందర్నీ అనుమానించాల్సిన మనిషి ఆ ఇంటి పిల్లనే ఇష్టపడతాడు. ముందు కేసు తేలుతుంది, తర్వాతే పెళ్లి. నాకు నచ్చే ఏర్పాటే గానీ, అనుమానం, ప్రేమ రెండూ ఒకేసారి మనసులో ఉంటే ఏమవుతుందన్న చిక్కు ఇందులో రాదు.

ఆ చిక్కులోకి నేరుగా దిగింది 2013 నాటి బ్రిటిష్ సీరియల్ ‘బ్రాడ్‌చర్చ్’. (చూడనివాళ్లు ఇక్కడ ఆగిపోవచ్చు.) డిటెక్టివ్ ఎల్లీ మిల్లర్‌గా ఒలీవియా కోల్మన్ చేసింది. పిల్లల్ని హింసించిన ఒకడి భార్యని పట్టుకుని, ఒకే ఇంట్లో ఉంటూ నీకెలా తెలీలేదని ఎల్లీ నిలదీస్తుంది. ఆఖరికి పదకొండేళ్ల డానీని చంపింది ఎల్లీ భర్త జో అని తేలుతుంది. డానీ తల్లి వచ్చి అదే ప్రశ్న ఎల్లీని అడుగుతుంది.

ఇదే సీరియల్లో ఎల్లీ పైఅధికారి హార్డీ ఉన్నాడు. పాత కేసులో కీలకమైన సాక్ష్యం పోవడానికి కారణం, తనూ పోలీసే అయిన అతని భార్య. వేరొకడితో హోటల్‌కి వెళ్లినప్పుడు ఆమె కారులోంచి అది పోయింది. కూతురి కోసం ఆ నింద అతనే మోస్తాడు. ఈ సంగతి తెలిశాక మనకి అతనిమీద గౌరవం పెరుగుతుంది. నీ భార్య సంగతి నీకెలా తెలీలేదని అతన్ని ఎవరూ నిలదీయరు.

నా పేచీ ఇక్కడే. కొలంబో భార్యని నమ్మితే మనకి ముచ్చటేస్తుంది. హార్డీ భార్యని కాపాడితే అది త్యాగం. ఎల్లీ మొగుణ్ణి నమ్మితే అది తెలివితక్కువతనం, ఉద్యోగానికే పనికిరాదన్నట్టు. నేరం చేసినవాడు జో. బోనులో ఎల్లీ కూడా నిలబడాల్సొచ్చింది. కోల్మన్ ఎంత గొప్పగా చేసిందంటే, ఆమె కుప్పకూలినప్పుడు నాకు కన్నీళ్లాగలేదు. అయినా ఆ ప్రశ్న ఆమె ఒక్కదాన్నే ఎందుకడిగారన్న కోపం మాత్రం ఇంకా పోలేదు.