కాడి మోసే మెడలు

2003 నవంబరు 22న సిడ్నీలో ఆస్ట్రేలియా, ఇంగ్లండ్‌ల మధ్య రగ్బీ ప్రపంచ కప్ ఫైనల్ 14-14తో సమమై అదనపు సమయంలోకి వెళ్లింది. నిర్ణీత సమయం చివరి నిమిషంలో ఆస్ట్రేలియాకు స్కోరు సమం చేసే పెనాల్టీ దొరికింది, రెండు జట్లూ భుజాలు కలిపి నెట్టుకునే స్క్రమ్‌లోనే. రెండో సగంలో స్క్రమ్ పదేపదే ఇంగ్లండ్‌కు గండమే అయింది. అప్పుడు కోచ్ క్లైవ్ వుడ్‌వర్డ్ 35 ఏళ్ల ప్రాప్ ఆటగాడు జేసన్ లెనార్డ్‌ను మైదానంలోకి దించాడు. వేగంగా పరుగెత్తలేని, కిక్ కొట్టడం తన పని కాని ఆ మనిషి వచ్చాక స్క్రమ్ నిలకడగా నిలబడింది. జానీ విల్కిన్సన్ డ్రాప్ గోల్‌తో ఇంగ్లండ్ 20-17తో గెలిచింది. లోకం విల్కిన్సన్‌ను గుర్తుపెట్టుకుంది, అది న్యాయమే. కానీ వృత్తిగా రగ్బీ ఎలా ఉంటుందో తెలుసుకోవాలంటే లెనార్డ్ పనిని చూడాలి. బలమనేది పుట్టుకతో వచ్చేదే కాదనీ, ఏళ్ల తరబడి నేర్చుకునే విద్య అనీ ఆ పని చూస్తే తెలుస్తుంది.

బంతి చేజారి ముందుకు పడటం వంటి చిన్న తప్పు జరిగితే ఆట స్క్రమ్‌తో మళ్లీ మొదలవుతుంది. రెండు జట్ల నుంచీ ఎనిమిది మంది చొప్పున మూడు వరుసలుగా పెనవేసుకుని, తలలు వంచి, ఎదురెదురుగా భుజాలు ఆనిస్తారు. ముందు వరుస నడుమ హుకర్, అతనికి చెరోపక్క ప్రాప్‌లు. వెనక నుంచి రెండో వరుసలోని లాక్‌లు తమ భుజాలను ప్రాప్‌ల పిరుదుల కింద ఆనించి నెడతారు. అగ్రశ్రేణి జట్టులో ఈ ఎనిమిది మంది బరువు సుమారు 900 కిలోలు. చూసేవారికి ఇది మోటు తోపులాటలా కనిపిస్తుంది. నిజానికి ఇక్కడ ప్రతిదీ కొలత ప్రకారం జరగాలి. వెన్ను బల్లపరుపుగా ఉండాలి, భుజాలు నడుము కంటే కిందికి జారకూడదు, మోకాళ్లు తగినంత వంగాలి, పాదాలు నేలను గట్టిగా పట్టుకోవాలి. బలం కాళ్లలో పుట్టి వెన్ను మీదుగా భుజానికి చేరుతుంది. నడుము ఒక్క అంగుళం తప్పుగా ఉంటే వెనక ఐదుగురు నెట్టిన బలమంతా వృథా అవుతుంది. ఎనిమిది మందీ ఒకే క్షణంలో నెట్టకపోతే ఎంత బరువున్నా లాభం లేదు.

ఇద్దరు ప్రాప్‌ల పని ఒకటే అనుకుంటాం, కాదు. కాడి కట్టే రైతుకు ఈ తేడా వెంటనే అర్థమవుతుంది. దాపట అలవాటైన ఎద్దును వలపట కడితే అది తడబడుతుంది. ఎడమవైపు నిలిచే లూజ్‌హెడ్ ప్రాప్‌కు తల ఒక పక్క ఖాళీగా ఉంటుంది, బరువు ముఖ్యంగా కుడి భుజం మీద పడుతుంది. కుడివైపు నిలిచే టైట్‌హెడ్ తల మాత్రం ప్రత్యర్థి హుకర్‌కీ ప్రాప్‌కీ నడుమ ఇరుక్కుంటుంది, రెండు భుజాలూ మోయాలి. లూజ్‌హెడ్ కింది నుంచి ఎత్తి కదిలించాలని చూస్తే, టైట్‌హెడ్ కదలకుండా నిలవాలి. పట్టు ఎక్కడ వేయాలి, మోచేయి ఏ ఎత్తులో ఉండాలి, ఎదుటివాడు ఏ కోణంలో లోపలికి వస్తాడు అన్నది రెండు చోట్లా వేరు. అంతర్జాతీయ స్థాయిలో రెండువైపులా నిలదొక్కుకున్నవారు అరుదు. లెనార్డ్ అలాంటివాడు.

లెనార్డ్ 1990లో ఇంగ్లండ్ తరఫున తొలి మ్యాచ్ ఆడేనాటికి రగ్బీ యూనియన్‌లో ఆటకు జీతం తీసుకోవడం నిషేధం. అతను వడ్రంగి పని చేసుకుంటూ ఆడాడు. 1995 ఆగస్టులో ఆ నిషేధం తొలగింది. అదే మనిషి అదే స్థానంలో వృత్తి ఆటగాడయ్యాడు. 2004లో ఆపేసరికి ఇంగ్లండ్ తరఫున 114 మ్యాచ్‌లు, నాలుగు ప్రపంచ కప్‌లు, బ్రిటన్, ఐర్లండ్‌ల ఉమ్మడి లయన్స్ జట్టుతో మూడు పర్యటనలు పూర్తి చేశాడు. వేగం మీద బతికే ఆటగాడికి ముప్పై దాటితే కాలం కలిసిరాదు. ప్రాప్‌కు మాత్రం ఆ వయసులో చెయ్యి తిరుగుతుంది. ఎదుటి భుజం ఒరిగిన తీరును బట్టి తర్వాతి కదలికను పసిగట్టే నేర్పు వందల స్క్రమ్‌ల తర్వాతే అబ్బుతుంది. దాన్ని పుస్తకం చెప్పలేదు. పెద్ద ప్రాప్ చేతుల్లో చిత్తయి, లేచి, అడిగి తెలుసుకోవాలి.

స్క్రమ్ సమయాన్ని తినేస్తోందని, కూలడం, మళ్లీ కట్టడం, పెనాల్టీ ఊదడం తప్ప అందులో ఆట లేదని విమర్శ ఉంది. కూలిన స్క్రమ్‌ను నాలుగుసార్లు కట్టించడం ప్రేక్షకుడికి శిక్షే. అందుకే 2023 నుంచి 30 సెకన్లలో సిద్ధం కావాలన్న నిబంధన వచ్చింది, అది మంచి మార్పు. కానీ పోటీనే తీసేస్తే ఏమవుతుందో పక్కనే ఉన్న మరో రూపం రగ్బీ లీగ్ చూపిస్తుంది. అక్కడ స్క్రమ్ ఇప్పుడు దాదాపు లాంఛనం, ఆటగాళ్ల దేహాల తీరు కూడా దాదాపు ఒకేలా మారింది. యూనియన్‌లో పొట్టిగా, వెడల్పుగా, నెమ్మదిగా ఉండే మనిషికి ఇంకా చోటుందంటే అది స్క్రమ్ పుణ్యమే. పైగా ఫలితాలను మార్చే శక్తి దానిది. 2019 ప్రపంచ కప్ ఫైనల్లో మూడో నిమిషంలోనే ఇంగ్లండ్ టైట్‌హెడ్ కైల్ సింక్లర్ గాయపడి వెళ్లిపోయాడు. ఆ తర్వాత టెండై మటావరీరా ముందుండి నెట్టిన దక్షిణాఫ్రికా స్క్రమ్ ఇంగ్లండ్‌ను కుంగదీసింది, మ్యాచ్ 32-12తో ముగిసింది.

రెండో విమర్శ అంత తేలిగ్గా తీరేది కాదు. ఈ విద్యకు దేహం మూల్యం చెల్లిస్తుంది. 1992లో లెనార్డ్ మెడలో డిస్క్ దెబ్బతింటే, తుంటి ఎముక ముక్క తీసి మెడలో అతికించారు. 2003 ఫైనల్లో అతని పక్కనే హుకర్‌గా నిలిచిన స్టీవ్ థాంప్సన్, చిన్న వయసులోనే డిమెన్షియా వచ్చిందనీ, ఆ ప్రపంచ కప్ గెలిచిన జ్ఞాపకమే తనకు లేదనీ 2020లో వెల్లడించాడు. శిక్షణలో లెక్కలేనన్ని స్క్రమ్‌లు కట్టడం తనను దెబ్బతీసిందని చెప్పాడు. ఈ మాటను దాటవేసి స్క్రమ్‌ను పొగడటం అన్యాయం. అయితే అతని మాటను శ్రద్ధగా వింటే తప్పు ఎక్కడుందో తెలుస్తుంది. ప్రమాదాన్ని పెంచింది అడ్డూఅదుపూ లేని ఢీకొట్టుళ్లు. 2013లో, ముందు పట్టు బిగించాకే నెట్టాలని నిబంధన మార్చినప్పుడు, తొలి తాకిడి బలం దాదాపు నాలుగో వంతు తగ్గుతుందన్న అంచనా దాని వెనక ఉంది. నేర్పు తగ్గలేదు, దెబ్బ తగ్గింది. శిక్షణ పొందిన ముందు వరుస ఆటగాళ్లు లేకపోతే పోటీ లేని స్క్రమ్ ఆడాలన్న నియమం కూడా చెబుతున్నది అదే. నేర్వనివాడి మెడను ఆ కాడి కింద పెట్టకూడదు.

కాబట్టి స్క్రమ్‌ను కాపాడటమంటే దానిలో దిగే మెడను కాపాడటమే. శిక్షణలో నిజంగా ఢీకొట్టే స్క్రమ్‌లకు పరిమితి ఉండాలి, యువ ప్రాప్‌కు బరువు కంటే ముందు వెన్ను నిలిపే తీరు నేర్పాలి, దెబ్బతిన్నవాడికి ఆట ముగిశాక కూడా వైద్యం అందాలి. దుక్కి తెలిసిన రైతు లేత కోడెను తొలిరోజే బరువు నాగలికి కట్టడు. మెడ మీద పుండు పడితే కాడి దించి మందు రాస్తాడు. ఆ మెడ నిలిస్తేనే మరుసటి ఏడు దుక్కి సాగుతుందని అతనికి తెలుసు.