వేళ్లొకచోట, పాటొకచోట

ఈ వారం నాకు ఒళ్లు మండించింది ఓ పాత సౌండీ. 1940ల్లో అమెరికా బార్లలో పనోరామ్ అనే పెట్టె ఉండేది. పది సెంట్లు వేస్తే తెర మీద మూడు నిమిషాల పాట కనబడేది, దాన్నే సౌండీ అనేవారు. నేను చూసినదాంట్లో డ్రమ్మరు పుల్ల ఇంకా గాల్లోనే ఉంది, దెబ్బ వినబడిపోయింది! పాట ముందే రికార్డు చేసుకుని, తర్వాత కెమెరా ముందు వాయిస్తున్నట్టు నటించడం అక్కడి పద్ధతి. మన సినిమాల్లో హీరోయిన్లు వీణ పట్టుకున్నప్పుడల్లా నేను పెట్టే గోలా ఇందుకే.

అందుకే తొలినాటి వైటాఫోన్ చిత్రాలంటే నాకు గౌరవం. 1926లో మొదలైన ఆ పద్ధతిలో ధ్వని నేరుగా పదహారు అంగుళాల రికార్డు మీదకి ఎక్కేది. మధ్యలో కోసి అతికించే వీల్లేదు. రీలు అయ్యేదాకా బ్యాండంతా తడబడకుండా వాయించాల్సిందే. చప్పుడు మైకుకి చేరకుండా కెమెరాని ఓ గదిలో పెట్టి తలుపేసేవారు. కెమెరా కదలదు కనక, ఎంత హుషారైన బ్యాండయినా పెళ్లి గ్రూపు ఫోటోలా కనిపించేది.

ఇక 1944లో వచ్చిన వార్నర్ స్టూడియో వాళ్ల జాజ్ లఘుచిత్రం ‘జామిన్ ద బ్లూస్’. పది నిమిషాలు. తీసింది ఫోటోగ్రాఫర్ జాన్ మిలీ. మొదట చీకట్లో వలయాలు కనిపిస్తాయి. ఏమిటా అనుకునేలోపు అదో టోపీ అని తెలుస్తుంది, అది పైకి లేస్తుంది, కింద శాక్సఫోన్ వాయించే లెస్టర్ యంగ్ మొహం, సిగరెట్ పొగ. ట్రంపెట్ మీద హ్యారీ ఎడిసన్, డ్రమ్స్ మీద జో జోన్స్. ముగ్గురూ కౌంట్ బేసీ బ్యాండులో ఆరితేరినవాళ్లే. ఇదీ ప్లేబ్యాకే. అయితేనేం, కెమెరా వాళ్ల మధ్య తిరుగుతుంది.

ఈ నల్లజాతి కళాకారుల మధ్య ఒకే ఒక్క తెల్లవాడు, గిటారిస్టు బార్నీ కెసెల్. నల్లవాళ్లూ తెల్లవాళ్లూ కలిసి వాయించడం తెర మీద కనబడకూడదని స్టూడియో పట్టు. అతన్ని తప్పించడానికి సంగీతం చూసుకున్న నార్మన్ గ్రాంజ్ ససేమిరా అన్నాడు. చివరికి కెసెల్‌ని నీడలో కూర్చోబెట్టారు. దగ్గరి షాట్ల కోసం చేతులకి బెర్రీల రసం పూశారని చెబుతారు.

సౌండ్‌ట్రాకులో మాత్రం ఆ గిటారుని ఎవరూ దాచలేదు. వాళ్లంతా కలిసే వాయించారని సాక్ష్యం చెబుతున్నది, నేను ఇన్నాళ్లూ దొంగ అంటున్న ఆ ముందస్తు రికార్డింగే. ప్లేబ్యాక్‌ని తిట్టే నాలాంటివాళ్లం ఇకనుంచి లైట్లు పెట్టినవాళ్ల మీద కూడా ఓ కన్నేసి ఉంచాలి.