పార్కిన్సన్ చూపిన సముద్రం, చూపని తీరం

పార్కిన్సన్ పేరు చెబితే మా వైద్యులకు ముందు స్ఫురించేది కంపవాతం. ఆ జబ్బును 1817లో వర్ణించిన జేమ్స్ పార్కిన్సన్ వేరు. ఆఫీసుల్లో పనిచేసే మిత్రులకు స్ఫురించేది, ఎంత గడువు ఇస్తే పని అంతకూ సాగుతుందన్న సూత్రం. ఆ సూత్రకర్త సిరిల్ నార్త్‌కోట్ పార్కిన్సన్ (1909-1993) వృత్తిరీత్యా నౌకాచరిత్రకారుడన్న సంగతి మాత్రం చాలామంది ఎరగరు. ఆయన హాస్యాన్ని లోకమంతా చదివింది, చరిత్రను కొద్దిమందే చదివారు. మా దృష్టిలో ఆ చరిత్ర గ్రంథాలే ఆయన అసలు ఆస్తి. ఆ ఆస్తిలో మన తెలుగువారికి రావలసిన వాటా కూడా కొంత ఉంది.

ఇంగ్లండు ఉత్తరభాగాన బార్నార్డ్ కాసిల్‌లో పుట్టి, కేంబ్రిడ్జిలో చదివి, 1935లో లండన్ కింగ్స్ కాలేజీ నుంచి డాక్టరేటు పొందారు. అంతకు ముందు ఏడే నౌకాసేనాని ఎడ్వర్డ్ పెల్యూ జీవితచరిత్ర వెలువరించారు. 1937లో 'ట్రేడ్ ఇన్ ది ఈస్టర్న్ సీస్', 1954లో 'వార్ ఇన్ ది ఈస్టర్న్ సీస్' వచ్చాయి. 1950 నుంచి 1958 వరకు సింగపూరులో, ఆనాటి మలయా విశ్వవిద్యాలయంలో రాఫిల్స్ చరిత్రాచార్యులుగా ఉన్నారు. అక్కడి వైద్య కళాశాల, రాఫిల్స్ కాలేజీ కలిసి 1949లో ఆ విశ్వవిద్యాలయమయ్యాయి. కనుక మలేషియాలో స్థిరపడిన మనకు ఆయన మరీ పరాయివాడేమీ కాదు.

ప్రసిద్ధి తెచ్చిన వ్యాసం 1955 నవంబరులో 'ఎకానమిస్టు' పత్రికలో పేరు లేకుండా అచ్చయింది. నవ్వుతూ చదివేస్తాం గాని, దాని వెన్నెముక నౌకాచరిత్రే. 1914లో బ్రిటిష్ నౌకాదళంలో కొలువులో ఉన్న పెద్ద యుద్ధనౌకలు 62. 1928 నాటికి 20. అధికారులు, నావికులు కలిపి 1,46,000 నుంచి లక్షకు తగ్గారు. అదే కాలంలో నౌకాశాఖ కార్యాలయ ఉద్యోగులు మాత్రం 2,000 నుంచి 3,569 అయ్యారు! వలసల శాఖలో 1935లో 372 మంది ఉంటే, 1954లో 1,661 మంది. వలసలు చేజారుతున్న కొద్దీ వాటిని పాలించే గుమాస్తాలు పెరిగారన్నమాట. ఓడలు లెక్కపెట్టడం వచ్చినవాడు కాబట్టే ఈ వింత ఆయన కంటబడింది.

అయితే వైద్యులుగా మాకొక సందేహం. జ్వరమాని చూపిన అంకె రోగనిర్ణయం కాదు. మంచాలు తగ్గినా, పరికరాలూ పరీక్షలూ పెరిగిన ఆసుపత్రికి ఎక్కువ సిబ్బంది అవసరం కావచ్చు. 1914కూ 1928కీ నడుమ వైర్‌లెస్, జలాంతర్గామి, విమానం నౌకాయుద్ధాన్నే మార్చివేశాయి. పార్కిన్సన్ దాన్ని తూకంలో వేయలేదు. సూత్రంలో నిజం ఉంది, కాని ఆయన చెప్పినంత లేదు.

ఈ తొందర ఆయన 1937 నాటి గ్రంథంలో కనిపించదు. అది 1793 నుంచి 1813 వరకు, అంటే ఈస్టిండియా కంపెనీకి పార్లమెంటు ఇచ్చిన ఒక చార్టరు నుంచి తరువాతి చార్టరు వరకు సాగిన ఓడవ్యాపార చరిత్ర. కంపెనీ తన ఓడల్లో అధికభాగం సొంతంగా కట్టించుకోక యజమానుల దగ్గర అద్దెకు తీసుకునేది. కెప్టెనుకు జీతంకన్నా, ఓడలో సొంత సరుకుకు దొరికే చోటే లాభసాటి. ఇలాంటి కిటుకులు చదువుతుంటే సామ్రాజ్యం జెండాలతో గాక జమాఖర్చులతో నడిచిందని బోధపడుతుంది. యుద్ధగాథల మధ్య ఈ చూపు అరుదు.

మరి మన వాటా ఏది? ఆ ఓడలు మోసిన బట్టలో మన తీరపు నేత ఉంది. నర్సాపురం పక్కనున్న మాధవాయపాలెం పేరు ఇంగ్లీషులో 'మడపొల్లం' అనే గుడ్డకే పేరయింది. గోదావరి ముఖద్వారాన కోరంగిలో ఓడలు కట్టేవారు, మరమ్మతు చేసేవారు. 1804 సెప్టెంబరు 15న ఫ్రెంచి సేనాని లినోయి విశాఖపట్నం రేవులో 'సెంచూరియన్' అనే బ్రిటిష్ యుద్ధనౌక మీద పడి, దాని రక్షణలో ఉన్న వర్తకపు ఓడనొకదాన్ని పట్టుకుపోయాడు. పార్కిన్సన్ పుటల్లో ఫిరంగులు లెక్కకు వస్తాయి, అధికారుల తగవులు లెక్కకు వస్తాయి. మగ్గం ముందు కూర్చున్నవాడు, ఓడకు మేకు కొట్టినవాడు, తెరచాప లాగిన లస్కరు నీడల్లా మిగిలిపోతారు. కంపెనీ కాగితాలలో నుంచి చూస్తే కాగితాలకెక్కినవారే కనిపిస్తారు. దురుద్దేశం అనలేం గాని, లోటు లోటే.

ఈ లోటు మనకు చిన్నది కాదు. బర్మా వెళ్ళిన తెలుగు కూలీలను ఆ రేవు పేరుతోనే 'కోరంగీలు' అన్నారు. ఏ ఊరివాడైనా, ఏ కులంవాడైనా, ఓడ ఎక్కిన రేవే వాడి ఇంటిపేరయింది. డిగ్రీలు పట్టుకుని విమానంలో వచ్చిన మనం వాళ్ళకు వారసులం కామని అనుకోవడం సులువు. మన పిల్లలు మాత్రం తాతలు ఎలా వచ్చారని అడగక మానరు. ఆ జవాబులో సగం పార్కిన్సన్ పుస్తకాల్లో ఉంది: ఓడ ఎవరిది, సరుకు ఎవరిది, లాభం ఎవరిది అని. మిగతా సగం తోటల్లో పనిచేసి ముసలివారైన మన పెద్దల నోళ్ళలో ఉంది. వారు మా దగ్గరకు మోకాళ్ళ నొప్పికి మందు కోసం వస్తుంటారు. మందుచీటీతో పాటు వారి మాట కూడా రాసుకునేవారు మన సంఘంలో కావాలి.

అందుకొక ఉపసంఘం వేద్దామని మాత్రం అనకండి. దాని గతేమిటో పార్కిన్సన్ ముందే చెప్పి ఉన్నారు. ఒక నోటుబుక్కు, ఒక ఆదివారం మధ్యాహ్నం చాలు.