గురువారం ప్రసారానికి ఒక నాట్యం

బ్రిటిష్ టీవీ పాత పాటల కార్యక్రమాలు చూస్తుంటే నా చూపు గాయకుల మీద నిలవదు, నాట్యబృందాల మీదికే పోతుంది. అన్నిటికంటే ‘పాన్స్ పీపుల్’ అంటే నాకు ఇష్టం. 1968 నుంచి 1976 దాకా బీబీసీ ‘టాప్ ఆఫ్ ది పాప్స్’లో నర్తించిన అమ్మాయిల బృందమిది.

ఆ కార్యక్రమానికి ఆధారం రికార్డుల అమ్మకాల జాబితా. పాట పైకి ఎగబాకుతుంది, పాడినవాళ్లేమో అమెరికాలో ఉంటారు. మ్యూజిక్ వీడియోలు ఇంకా అరుదు. ఆ మూడు నిమిషాలూ తెరను నిలబెట్టాల్సింది డాన్సర్లే. మంగళవారం జాబితా, బుధవారం రికార్డింగ్, గురువారం ప్రసారం. అనుకున్న పాట కిందికి జారిందా, చేసిన సాధన పక్కన పెట్టి మరో పాట అందుకోవాలి. ఇంత తక్కువ వ్యవధిలో వారం వారం కొత్త నాట్యం కూర్చడం ఎంత కష్టమో ఎవరైనా ఊహించగలరు.

కూర్చింది ఫ్లిక్ కోల్బీ. అమెరికాలో పుట్టిన ఆమె మొదట బృందంలో తానూ నర్తించి, తర్వాత పూర్తిగా నృత్యరచనకే పరిమితమైంది. పాటలోని మాటను ఉన్నదున్నట్టు చూపించడం ఆమె పద్ధతి. 1973లో గిల్బర్ట్ ఓసలివన్ ‘గెట్ డౌన్’ పాటకైతే నిజం కుక్కల్నే స్టూడియోలో కూర్చోబెట్టింది. ఈ పద్ధతిని వెక్కిరించినవాళ్లు చాలామందే ఉన్నారు. నేను ఒప్పుకోను. కూచిపూడి చూసి పెరిగినవాళ్లకు, మాట మాటకూ అర్థాన్ని అభినయించే పదార్థాభినయం తక్కువ విద్య కాదని తెలుసు. అయిదారుగురు ఒక్క రోజులో ఒకే భావాన్ని అందుకోవాలంటే మాటను పట్టుకోవడమే దగ్గరి దారి.

అంతకుముందు, 1955లో మొదలైన ‘సండే నైట్ ఎట్ ది లండన్ పల్లాడియం’ టీవీ కార్యక్రమంలో టిల్లర్ గర్ల్స్ అనే నాట్యబృందం ఉండేది. 19వ శతాబ్దం చివర్లో జాన్ టిల్లర్ తీర్చిదిద్దిన పద్ధతి వాళ్లది: ఒకే ఎత్తు, ఒకరి నడుము చుట్టూ మరొకరి చేయి, ఒకే లెక్కకు లేచే కాళ్లు. వరుసలో ఏ ఒక్కరూ విడిగా కనబడకూడదు. పాన్స్ పీపుల్ అలా కాదు. కెమెరా దగ్గరికొచ్చి ఒక్కొక్కరి ముఖం చూపించింది, జనం వాళ్లను పేరుపేరునా గుర్తుపట్టారు. రంగస్థలం నుంచి టీవీకి వచ్చిన నాట్యంలో అసలు మార్పు ఇదేనని నా నమ్మకం. 1978లో ఆర్లీన్ ఫిలిప్స్ ‘హాట్ గాసిప్’ బృందం కెన్నీ ఎవరెట్ టీవీ షోలో దూకుడు పెంచింది, అది వేరే కథ.

తర్వాత వీడియోలు వచ్చాయి, ఈ బృందాల అవసరం తీరింది. టేపులు ఖరీదని బీబీసీ పాతవాటిని చెరిపి మళ్లీ వాడుకుంది. 1976కు ముందటి ఎపిసోడ్లు చాలావరకు ఇప్పుడు లేవు. మిగిలినవి ఎక్కడైనా కనిపిస్తే చూడండి, పాట ఎవరిదో అడిగినట్టే నాట్యం ఎవరిదో కూడా అడగండి.